వానల అడవికి వేడి పెట్టిన ఇల్లు

అప్పలసూరి ఇంట్లో తెలివికి కరువు లేదు. ఎక్కడ పొంగిపోతుందోనని కూతురు నూకాలైతే తలకి గుడ్డ గట్టిగా బిగించి కట్టుకునేది.

ఒకరోజు ఎర్నమ్మత్త యాలకుల మొక్క తెచ్చింది.

"నేను తీర్థానికి పోతన్నానే నూకాలూ. ఇది వానల అడవి మొక్క. అక్కడ రోజూ వాన, ఏడాదంతా ఒకటే వేడి, నేల మీద ఎండ పడదు. అచ్చం అలాగే చూడు. నేనొచ్చేసరికి బతికుంటే నా మొక్కల కొట్టు నీదే."

కొట్టు! ఇంత తెలివి పెట్టుకుని ఇన్నాళ్ళూ గిన్నెలు తోమానే అని నూకాలు తనని తానే తిట్టుకుంది.

"వాన లోపలికెలా వస్తాదే?" అన్నాడు అప్పలసూరి.

"పెంకులు తీసెయ్ నాన్నా!"

అంతే, కప్పు ఖాళీ. ఆకాశంలో మబ్బు తునకైనా లేదు. అన్న పోలినాయుడు పైకెక్కి జల్లెడలోంచి బిందెలకొద్దీ నీళ్ళు వంచాడు. బియ్యం నానాయి, పరుపులు నానాయి. ఇంతలో కప్పులోంచి ఎండ నేల మీద పడింది. ఇంకేముంది, నూకాలు పరుగెత్తి ఆ ఎండ కింద వెల్లకిలా పడుకుంది.

"ఇప్పుడు నా మీద పడతంది, నేల మీద కాదు!"

ఎండ జరిగితే తనూ దొర్లింది. దొర్లి దొర్లి పొయ్యిలో కాలు పెట్టింది.

"మరి ఒకటే వేడో?" అన్నాడు తండ్రి.

"మనిషి ఒళ్ళు ఎప్పుడూ ఒకే వేడి గదా. అన్నా, మొక్కని కావిలించుకో!"

తడి ఇంట్లో తడి మొక్కని పట్టుకుని కూర్చుంటే పోలినాయుడికి జ్వరం రాక మానుతుందా?

"నాన్నా, అడవికి ఎండాకాలం వచ్చేసింది!" అని నూకాలు గొల్లుమంది. తండ్రీ కూతుళ్ళిద్దరూ కలిసి అతన్ని నీళ్ళ తొట్టిలో ముంచేశారు. పళ్ళు టకటకలాడాయి.

"చలికాలం వచ్చేసింది! తియ్యి నాన్నా, తియ్యి!"

ముంచడం, తియ్యడం. ఎర్నమ్మత్త వచ్చేదాకా అదే పని.

ఆవిడ గుమ్మంలోనే కూలబడింది. "ఓలమ్మో, కప్పేదే? ఆడికేటైందే?" అంది. తీరా చూస్తే మొక్కకి కొత్త ఆకు! అన్న మాట అన్న మాటే. తిట్టుకుంటూనే తాళం చేతిలో పెట్టింది.

మర్నాడు కొట్టు తెరవగానే ఒకాయన వచ్చి ఆ మొక్కే కొన్నాడు. నూకాలు మొక్క వెనకే పోలినాయుణ్ణి కూడా ఆయన బండెక్కించింది.

"ఇతనెందుకమ్మా?"

"దాని వేడండీ. రోజూ తడపండి, ఎండలో పెట్టకండి."

ఇంకొకావిడ వచ్చి యాలకుల మొక్క అడిగింది. నూకాలు దిగులుగా తలుపు మూసింది.

"మొక్కలు బోలెడున్నాయమ్మా, వేడే అయిపోయింది. మా నాన్నకి చెప్తాను, ఇంకో అన్నయ్య పుట్టాక రండి."