రాకుమారి నిద్రనోము

ముమ్మడి భూపతి నిండుసభలో మండిపడుతున్నాడు. శత్రువుల మీద కాదు, కూతురి ఆవలింత మీద.

పెళ్ళి దగ్గరపడింది. మగపెళ్ళివారి తరఫున పసుపూ కుంకుమా పట్టుకొచ్చిన పెద్దముత్తైదువ బొట్టు పెడుతుంటే, రాకుమారి విరజ బారెడు ఆవలింత తీసి, కూర్చున్న పీటమీదే కునికింది. "పిల్లకేదో జబ్బుంది" అన్న మాట ఆ ముత్తైదువ కంటే ముందే వియ్యాలవారి కోటకు చేరింది. ఇప్పుడు పెళ్ళికొడుకు తల్లి కామాంబాదేవి స్వయంగా చూడటానికి వస్తోంది. ఆవిడ ముందు కూడా పిల్ల తూలిందా, సంబంధం తప్పిపోయినట్టే.

"ఆవిడ వచ్చేలోగా నా కూతురి మొహంలో కళ తెప్పించినవాళ్ళకి ఈ ముత్యాలహారం!" అని రాజు మెడలోని హారం ఎత్తి చూపించాడు.

భైరవామాత్యుడు లేచాడు. కోటలో ఆచారాల వ్యవహారమంతా ఆయనదే. తనకు తెలియని ఆచారం భూమ్మీద లేదని ఆయన నమ్మకం. ఆ నమ్మకాన్ని నలుగురికీ చెప్పుకోకుండా ఒక్క పూట కూడా ఉండలేడు.

"ఇది దృష్టిదోషం ప్రభూ. తెల్లవారకముందే చన్నీళ్ళ స్నానం, ఆపైన మిరియాల కషాయం, పగలంతా మద్దెల మోత. నిద్ర ఎలా దగ్గరికొస్తుందో చూద్దాం!"

నిద్ర భేషుగ్గా వచ్చింది. రాకుమారి మద్దెల మోతలోనే గురకపెట్టింది.

రాజుగారికి వేళకు తాంబూలం చిలకలు చుట్టి అందించే తిప్పాంబ ఇదంతా చూస్తూనే ఉంది. ఆవిడకు విరజంటే పంచప్రాణాలు. పిల్లను పక్కకు పిలిచి, "ఏమిటమ్మా ఇది? ఈ పెళ్ళి ఇష్టం లేదా?" అని అడిగింది.

"పెళ్ళికొడుకు ఇష్టమే తిప్పక్కా. పెళ్ళిదాకా బతకాలిగా!" విరజ కళ్ళు మూసుకునే చెప్పింది. "కోడి కూయకముందే నలుగు. అది కడుక్కునేలోగా గాజులవాళ్ళు. గాజులు చేతికెక్కేలోగా కంసాలులు. మధ్యాహ్నం ఒక మేనత్త ఇంట్లో విందు, సాయంత్రం ఒక పిన్ని ఇంట్లో విందు. తినకపోతే వాళ్ళకు కోపం, తింటే నాకు నిద్ర. ఆపైన తలంబ్రాలు పోయడం నేర్పుతారు. తలంబ్రాలు పోయడం కూడా ఒకరు నేర్పాలా అక్కా?"

చెబుతూ చెబుతూ ఏడ్చేసింది. తిప్పాంబ పైటచెంగుతో పిల్ల కళ్ళు తుడిచింది.

పిల్లకు కాస్త విశ్రాంతి ఇప్పించండని రాజును అడిగి లాభం లేదు. రాణిగారు ఒకసారి అడిగితే భైరవుడు "ఆచారం మానితే అశుభం" అన్నాడు, రాజు హడలిపోయాడు. ఆచారానికి అడ్డం పడాలంటే ఇంకో ఆచారమే పడాలని తిప్పాంబకు తోచింది.

మర్నాడు సభలో రాజుకు తాంబూలం అందిస్తూ, అందరికీ వినబడేలా భైరవుణ్ణి అడిగింది.

"అయ్యగారూ, రాచకన్యలు పెళ్ళికి ముందు నిద్రనోము పడతారు కదా. మన అమ్మాయిగారి చేత ఎప్పుడు పట్టిస్తున్నారు?"

అలాంటి నోము గురించి భైరవుడు కలలో కూడా వినలేదు. కానీ సభంతా ఆయనవైపే చూస్తోంది. ఒక్కసారి గొంతు సవరించుకున్నాడు.

"ఆ, నిద్రనోమే కదా! ఇవాళ నేనే ప్రకటిద్దామనుకుంటున్నాను. నువ్వు తొందరపడ్డావు."

"నోములో ఉన్న పిల్లను మధ్యలో లేపొచ్చాండీ?"

"లేపితే మహాపాపం!"

"మేనత్తలు విందుకు పిలిస్తే?"

"పిల్ల గడప దాటకూడదు."

"మరి గాజులవాళ్ళూ, కంసాలులూ?"

"ఆ చాయలకే రాకూడదు!" భైరవుడికి ఊపొచ్చింది. "తనంతట తాను లేచేదాకా కోటలో గజ్జెల చప్పుడైనా వినబడకూడదు. పెళ్ళిదాకా రోజూ ఇంతే!"

"ఇంత మంచి నోమును ఇన్నాళ్ళూ కడుపులో దాచుకున్నావా?" అని రాజు ఆయన్ను కసిరి, ఆ పూటే నోము పట్టించాడు.

విరజ పడుకుంది. కోటంతా మునివేళ్ళమీద నడిచింది.

కామాంబాదేవి వచ్చేనాటికి పిల్ల చెంపలు నిగనిగలాడుతున్నాయి. కాబోయే అత్తగారు ఒక హాస్యమాడితే తను రెండాడింది. "ఈ పిల్లకా జబ్బు? అన్నవాళ్ళ నోరు పడ!" అని కామాంబ మెటికలు విరిచింది. రాజు ప్రాణం కుదుటపడింది.

వెంటనే భైరవుడు ముందుకొచ్చి మెడ వంచాడు.

"హారం, ప్రభూ! నోము నాది."

"ముమ్మాటికీ ఆయనదే," అంది తిప్పాంబ. "ఇక ఉద్యాపన చేసి హారం పుచ్చుకోవడమే."

"ఉద్యాపనా?"

"నోమన్నాక ఉద్యాపన ఉండదా అయ్యగారూ? మీకు తెలియనిదా! పిల్ల మానేసిన పనులన్నీ నోము చెప్పిన పెద్దవారే చేసి తీర్చాలి. రేపు కోడి కూయకముందే మీకు నలుగు. తర్వాత గాజులు. ఆ తర్వాత మేనత్తల విందులు, పిన్నుల విందులు..."

ద్వారం దగ్గర అత్తలూ పిన్నులూ అప్పటికే సున్నుండల పళ్ళేలతో నిలబడి ఉన్నారు. ఇన్నాళ్ళుగా పిల్లకు తినిపించే వీల్లేక వాళ్ళ చేతులు దురదపెడుతున్నాయి. భైరవుడు వాళ్ళనూ చూశాడు, పళ్ళేలనూ చూశాడు.

"అలాంటి నోమే లేదు ప్రభూ! ఈవిడ అడిగేదాకా నేను విననైనా వినలేదు!"

రాజు మొహం పాలిపోయింది. ఆచారాలన్నీ మానేసింది లేని నోము కోసమా? వియ్యపురాలు ఏమంటుందోనని బెదురుగా అటు చూశాడు.

కామాంబాదేవి బాలీసు దగ్గరికి లాక్కుని చేరగిలబడుతోంది. ఆవిడ కళ్ళకింది నల్లటి చారలు అప్పటికి గానీ ఎవరికీ కనబడలేదు.

"లేకపోతే పోయె, ఇవాళ్టినుంచి ఉంటుంది అన్నయ్యగారూ. ఈ పెళ్ళిపనులతో నాకు కంటినిండా నిద్రపట్టి ఎన్నాళ్ళయిందో! ముందు ఆ నోము నాకు పట్టించండి. లేపినవాళ్ళకి మహాపాపం, గుర్తుంచుకోండి."

ఆ మాట అంటూనే నిద్రపోయింది.

ఆవిడ లేవకుండా నవ్వడానికి సభంతా నానా అవస్థ పడింది. రాజు ఉత్తరీయం నోట్లో కుక్కుకుని, కళ్ళనీళ్ళు కారుతుండగా, హారం తీసి తిప్పాంబ మెడలో వేశాడు.

"మరి ఉద్యాపన ప్రభూ?" అని ఆవిడ గుసగుసగా అడిగింది.

"జరగాల్సిందే!" అన్నాడు రాజు అంతకంటే మెల్లగా.

అత్తలూ పిన్నులూ భైరవుణ్ణి చుట్టుముట్టారు. పాపం, కేకవేద్దామంటే ఆయన నోటినిండా సున్నుండలు.