వరసలో రాజుగారి పొగడ్త

రాజులకీ ఫోన్లొచ్చిన కాలంలో, ధీరసింహ మహారాజు రోజూ పొద్దున్నే లైవ్‌లో కూర్చుని తన గొప్పలు తనే చెప్పుకునేవాడు. చాట్‌ని అదుపులో పెట్టే మోడరేటర్ పని, ఒకప్పుడు ఊళ్లో దండోరా వేసిన నూకాలుది.

"‘రాజు’ అన్న మాటున్న మెసేజ్‌లన్నీ ఆపెయ్. అన్నీ తిట్లే," అన్నాడు రాజు.

"తిట్లు కావు ప్రభూ, మొరలు."

"మొరైనా తిట్టే. ఆపు!"

నూకాలు సెట్టింగ్ మార్చింది. ఆపినవాటిని మాత్రం చెరపలేదు.

మూడు నెలలకి, లైవ్‌లో ఉండగానే రాజు మారుపేరుతో "మా రాజు దేవుడు" అని రాశాడు. అది తెరమీదికి రాలేదు.

"నా పొగడ్తనే ఆపుతావా? ఇప్పుడే అందరికీ కనపడాలి!" అని అందరి ముందూ అరిచాడు.

"అందులోనూ ‘రాజు’ ఉంది ప్రభూ, అందుకే ఆగింది. సెట్టింగ్ తీసేస్తే ముందు ఆగినవన్నీ ముందొస్తాయి."

"రానీ! నాది కనపడితే చాలు."

నూకాలు తీసేసింది. రాజ్యమంతా చూస్తుండగా ఒక్కొక్కటే వచ్చాయి. చివర్లో వరసగా మూడు సాలెపేట పోలమ్మ రాసినవి.

"రాజుగారూ, మా పేట బావి ఎండిపోయింది."

"రాజుగారూ, కుంట నీళ్లు తాగి పాపకి వాంతులు. వైద్యుణ్ణి పంపండి."

"రాజుగారూ, ఇంక ఎవర్నీ పంపొద్దు. పాప పోయింది."

దాని కిందే వచ్చింది: "మా రాజు దేవుడు."

రాజు గబుక్కున లేచాడు. "తీసెయ్! వెంటనే తీసెయ్!"

"ఏది ప్రభూ," అంది నూకాలు, "చివరిదా?"