కోపమొస్తే లేచిపోయే ఖాజీ

ఖాజీ కాసిముద్దీన్‌కు ఏడోసారి కోపం వచ్చింది. ఏడోసారి కూడా ఆయన కలం కింద పెట్టి, కచేరీలోంచి లేచి వెళ్ళిపోయాడు.

ఇది మెచ్చుకోవలసిన సంగతా, తిట్టవలసిన సంగతా అని అడిగితే అప్పుడే చెప్పకండి. వెనక కూర్చున్నవాళ్ళు కాస్త ముందుకు జరగండి. ఇది గొంతు పెంచి చెప్పే కథ కాదు.

కాసిముద్దీన్ మామూలు ఖాజీ కాదు, ఖాజీలకు ఖాజీ. ఆ రాజ్యంలో ఊరికొక ఖాజీ ఉంటే, వాళ్ళ తీర్పులన్నీ దిద్దే చెయ్యి ఆయనది. కోటలో ఉద్యోగం చేసేవాడి మీద ఫిర్యాదు వస్తే వినే చోటు ఆయన కచేరీ ఒక్కటే. ఆయన దగ్గర తేలకపోతే ఇక పైన ఉన్నది అల్లా కచేరీ. అక్కడికి బతికుండగా ఎవరం పోలేం కదా.

అంతటి గద్దె ఎక్కిన మనిషి పుట్టింది దూదేకులవాడలో. తండ్రి ఉసేనయ్య భుజాన విల్లు వేసుకుని వీధులు తిరిగి, పరుపులకు దూది ఏకేవాడు. అప్పట్లో ఈయన పేరు ఉత్త కాశిమయ్య. ఉసేనయ్య పక్కనే కూర్చుని దూది ఏకే సబూర్ బాబా అతనికి అక్షరాలు దిద్దించాడు, నమాజు నేర్పాడు, ధర్మశాస్త్రం చదివించాడు. కాశిమయ్య పల్లెటూరి ఖాజీ అయ్యాడు, నగరానికి ఖాజీ అయ్యాడు, గడ్డం సగం నెరిసేసరికి ఖాజీలకే ఖాజీ అయ్యాడు. ఒకరి దగ్గర ఖర్జూరపు పండు కూడా పుచ్చుకున్నవాడు కాదు. ఆ మాట శత్రువులు కూడా ఒప్పుకునేవారు.

గద్దె ఎక్కిన రోజున బాబా అతని చెవిలో ఒకే ఒక్క మాట చెప్పాడు. "కోపంలో ఉన్నప్పుడు తీర్పు చెప్పకు నాయనా."

కాసిముద్దీన్ ఆ మాటను తాయెత్తులా కట్టుకున్నాడు. చిక్కంతా అక్కడే వచ్చింది.

గుర్రపుశాల మీద పెత్తనం చేసే దరోగా ఒకడున్నాడు, బహరాం ఖాన్. సుల్తాను గారి తెల్ల గుర్రాన్ని ఒకదాన్ని చాటుగా అమ్ముకున్నాడు. నేరం తీసుకుపోయి, శాలకు గడ్డి మోసే లింగన్న నెత్తిన పెట్టాడు. లింగన్నను ఖైదులో వేశారు. అతని తల్లి ఈరమ్మ ఎక్కని గుమ్మం లేదు, పట్టుకోని కాళ్ళు లేవు. చివరకు ఖాజీలకు ఖాజీ దగ్గర ఫిర్యాదు పెట్టుకుంది. ఆ గుర్రాన్ని కొన్న బేహారి మంచివాడు. దరోగా ముద్ర వేసిన అమ్మకపు కాగితం పట్టుకుని సాక్ష్యానికి వచ్చాడు.

అలాంటి వ్యాజ్యాలను ఖాజీ నెలకొక్కసారే వినేవాడు. నెలవంక కనిపించిన మర్నాడు.

బహరాం ఖాన్ కాగితం గురించి మాట్లాడలేదు. గుర్రం గురించి మాట్లాడలేదు. వ్యాజ్యం పిలవగానే లేచి నిలబడి, నాలుక అంగిటికి ఆనించి, దూది ఏకే విల్లు మోగినట్టు చప్పుడు చేశాడు.

"టుంయ్... టుంయ్..."

కచేరీలో ఎవరో కిసుక్కుమన్నారు.

"ఏం లేదు హుజూర్," అన్నాడు దరోగా. "మా ఇంట్లో పరుపు గడ్డకట్టింది. ఇక్కడెవరైనా పనివాడు దొరుకుతాడేమోనని."

ఖాజీ మొహం ఎర్రబడింది. వాణ్ణి శిక్షిద్దామంటే అదీ ఒక తీర్పే కదా, కోపంలో ఎలా చెప్తాడు? కలం కింద పెట్టాడు. లేచిపోయాడు. వ్యాజ్యం వచ్చే నెలకు పడింది.

వచ్చే నెలా అంతే. ఆ పై నెలా అంతే. "ఎంత నిగ్రహం! ఒక్క మాట తూలలేదు చూశావా," అని నగరమంతా ఖాజీని పొగిడింది. బహరాం ఖాన్ అందరికంటే ఎక్కువ పొగిడాడు. బేహారి నెలనెలా బండి కట్టుకుని వచ్చి, కాగితం మడిచి నడుముకు కట్టుకుని వెళ్ళేవాడు. లింగన్నకు ఖైదులో దగ్గు పట్టుకుంది.

ఏడోసారి ఖాజీ లేచి రెండడుగులు వేశాడో లేదో, వెనక వరసలోంచి ఈరమ్మ గొంతు వినిపించింది.

"అయ్యా, నీకు కోపమొస్తే లేచిపోతావు. నాకొస్తే యాడికి లేచిపోవాల? నా కొడుక్కొస్తే ఏ గోడ పగలదీసుకుని లేచొస్తాడు?"

బంట్లు ఆమె నోరు మూయించారు. ఖాజీ వెనక్కి తిరగలేదు. కానీ ఆ మాట ఆయన వెంటే ఇంటికి వచ్చింది. అన్నం దగ్గర కూర్చుంది, నమాజు దగ్గర నిలబడింది. మర్నాడు ఉదయమే ఆయన పల్లకీని వాడ మొదట్లో ఆపించి, నడుచుకుంటూ సబూర్ బాబా పాకకు వెళ్ళాడు.

సబూర్ అంటే ఓర్పు గలవాడని అర్థం. డెబ్బై ఏళ్ళ మనిషి. ఆయనకు కోపం రాగా చూశామన్నవాళ్ళు ఆ వాడలో లేరు. అప్పుడు కూడా విల్లు మోగిస్తూ, గడ్డం నిండా దూదితో నవ్వాడు.

"రారా కాశిమూ. మొహమేంటి అలా పెట్టావు?"

"ఒకావిడ నిండు కచేరీలో నన్ను అనరాని మాట అంది బాబా."

ఏమందో చెప్పాడు. దరోగా సంగతీ చెప్పాడు.

"మీరు చెప్పిన మాట నేను ఒక్కసారీ తప్పలేదు. ఏడుసార్లు కోపం వచ్చింది. ఏడుసార్లూ లేచిపోయాను. ఒక్క అక్షరం తీర్పు చెప్పలేదు." అలా అంటున్నప్పుడు ఆయన గొంతులో కొంచెం గర్వం కూడా ఉంది, దాచడం దేనికి. "ఈ కోపం అసలు రాకుండా ఉండే మార్గమేదైనా చెప్పండి."

విల్లు ఆగింది.

"ఏడుసార్లా?"

"ఏడుసార్లు బాబా."

"ఆమె కొడుకు ఎక్కడున్నాడు?"

"ఖైదులో. వ్యాజ్యం తేలేదాకా అక్కడే కదా ఉండాలి."

బాబా లేచి నిలబడ్డాడు. ఒళ్ళోంచి దూది జారి కిందపడింది.

"నాకు కోపం వచ్చింది," అన్నాడు బాబా. "రేపు రా."

లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నాడు.

రెండో రోజు ఖాజీ పొద్దున్నే వెళ్ళి సలాం చేశాడు. నోరు తెరవబోయాడు.

"ఇంకా తగ్గలేదు. రేపు రా."

మూడో రోజు తలుపు మూసే ఉంది. ఖాజీ పాక బయట అరుగు మీద కూర్చున్నాడు. ఎండ ఎక్కింది. అటూ ఇటూ పాకల్లో దూది ఏకుతున్నారు. టుంయ్, టుంయ్ అని ఒకటే చప్పుడు. మొదట ఒళ్ళు మండింది. తర్వాత ఆ చప్పుడులో ఎగతాళి ఎక్కడుందా అని వెతుక్కున్నాడు. దొరకలేదు. దూది మాత్రం గడ్డ విడి, మబ్బులా లేస్తోంది.

ఎదురు పాకలోంచి ఒక ముసలాయన కేకేశాడు. "ఏం కాశిమూ, పని కోసం వచ్చావా? విల్లు పట్టడం గుర్తుందా, లేక ఆ గద్దె మీద మర్చిపోయావా?"

వాడంతా నవ్వింది. ఖాజీ కూడా నవ్వబోయి, నవ్వలేకపోయాడు.

మధ్యాహ్నానికి తలుపు తెరుచుకుంది. బాబా అతన్ని చూశాడు.

"రేపు రా."

అంతే. ఇన్నేళ్ళుగా గురువు ముందు తల ఎత్తని మనిషి ఆ తలుపు రెక్కను చేత్తో ఆపాడు.

"ఎన్ని రేపులు బాబా? మూడు రోజుల్నించి గుమ్మంలో పడి ఉన్నాను. నాకు తిండి సయించడం లేదు. కోపమొస్తే కోపంలోనే ఉండండి, నా ముందే ఉండండి. తగ్గేదాకా నేనూ కూర్చుంటాను. అంతేగానీ, ఎదురుగా మనిషిని పెట్టుకుని అలా లేచి..."

మాట ఆగిపోయింది.

తలుపు మీద చెయ్యి నెమ్మదిగా కిందికి జారింది. బాబా వెళ్ళి తన చోట కూర్చుని విల్లు అందుకున్నాడు. ఖాజీ సలాం చేసి వెళ్ళిపోయాడు.

మర్నాడే కచేరీ పెడతానని చాటించి, బేహారికి కబురు పంపాడు. నెలవంక దాకా ఆగలేదు.

బహరాం ఖాన్ దర్జాగా వచ్చాడు. వ్యాజ్యం పిలిచారు. "టుంయ్... టుంయ్..." అన్నాడు. జనం నవ్వారు. ఖాజీ మొహం ఎర్రబడింది. కోపం రాలేదని నేనెందుకు అబద్ధం చెప్పాలి? వచ్చింది. కలం కింద పెట్టాడు. అలవాటు కొద్దీ అందరూ లేచి నిలబడ్డారు.

ఖాజీ లేవలేదు.

"కూర్చోండి," అన్నాడు.

దరోగా చేతులు కట్టుకుని వినయంగా వంగాడు. "హుజూర్, కోపంలో తీర్పు చెప్పకూడదని పెద్దలు..."

"చెప్పను. తగ్గేదాకా ఇక్కడే కూర్చుంటాను. తలుపులు వేయండి. మీరూ కూర్చోండి దరోగా."

కూర్చున్నారు. మధ్యాహ్నం నమాజు వేళ అయింది. లేచి అక్కడే ముంగిట్లో నమాజు చేసుకుని, మళ్ళీ వచ్చి కూర్చున్నారు. దరోగా కుదురుగా ఉండలేకపోతున్నాడు. సాయంత్రం సుల్తాను గుర్రాలు చూడటానికి శాలకు వస్తాడు. అప్పుడు దరోగా అక్కడ లేకపోతే ఎలా?

ఇంకొక్కసారి చూద్దామనుకున్నాడో ఏమో, నాలుక కదిపాడు. "టుంయ్..."

ఈసారి ఎవరూ నవ్వలేదు.

"కొట్టండి విల్లు, ఇంకా కొట్టండి," అన్నాడు ఖాజీ. "మీరు నా కోపం ఎంత పెంచితే అంతసేపు కూర్చుందాం. మా నాన్న పొద్దుగూకేదాకా కొట్టేవాడు. మాకు అలవాటే."

దరోగా నుదుటి చెమట తుడుచుకున్నాడు.

నీడలు సాగే వేళకు ఖాజీ కలం చేతికి తీసుకున్నాడు. "ఈరమ్మా, ముందుకు రా తల్లీ. బేహారిని పిలవండి."

బేహారి కాగితం విప్పాడు. ఖాజీ ముద్ర చూశాడు. "ఇది మీ ముద్రేనా?" అని దరోగాను అడిగాడు. దరోగా చెప్పిన మొదటి అబద్ధం రెండోదానితో పొసగలేదు. మూడోది చెప్పకుండానే తల దించాడు. లింగన్నను విడిచిపెట్టమన్నాడు ఖాజీ. దరోగాను అదే ఖైదుకు పంపమన్నాడు.

అయ్యా, అమ్మా, ఆ వ్యాజ్యం మొత్తానికి ఎంతసేపు పట్టిందో తెలుసా? ఎసట్లో పోసిన బియ్యం ఉడికినంత సేపు కూడా పట్టలేదు.

లింగన్నను తీసుకొచ్చారు. చెంపలు లోపలికి పోయాయి. దగ్గుతూనే నడిచి వచ్చాడు. ఈరమ్మ కొడుకు వీపు నిమిరి, ఖాజీ వైపు తిరిగింది. కాళ్ళకు మొక్కుతుందని అందరూ అనుకున్నారు. ఖాజీ కూడా అనుకుని ఉంటాడు. మనిషే కదా.

"ఈ పాటి పనికి ఏడు నెలలా అయ్యా," అంది.

సలాం చెయ్యలేదు. కొడుకు చెయ్యి పట్టుకుని నడిపించుకుంటూ వెళ్ళిపోయింది. బంటు ఒకడు ఆమెను ఆపబోతే, వద్దని ఖాజీ చెయ్యెత్తాడు.

మర్నాడు ఆయన దూదేకులవాడకు పల్లకీ లేకుండా వెళ్ళాడు. జరిగిందంతా చెప్పాడు. బాబా వింటూ దూది ఏకుతూనే ఉన్నాడు.

"బాబా," అన్నాడు ఖాజీ చివరకు. "మీ కోపం తగ్గిందా?"

"ఆమెది తగ్గిందా?"

ఖాజీ నేల వైపు చూశాడు.

"లేదు బాబా."

బాబా దూది ముద్ద ఇంకొకటి ముందుకు లాక్కున్నాడు.

"అయితే రేపు రా."