నూకాలు చెయ్యి

అనగనగా ఒక ఊరు. ఆ ఊరికి వచ్చేవాళ్ళకి ఇళ్ళకంటే ముందు పొగగొట్టం కనబడేది. ఎప్పటి మాట అని అడక్కండి, నాకు చెప్పిన మా అమ్మమ్మకే తెలీదు.

పొగగొట్టం కింద పెంకుల ఫ్యాక్టరీ. మట్టి తొక్కేవాళ్ళు తొక్కేవారు, అచ్చు వేసేవాళ్ళు వేసేవారు, కాల్చేవాళ్ళు కాల్చేవారు. మధ్యాహ్నం కూత కూయగానే అన్నానికి లేచి, చేతుల మట్టి గోడకి తుడిచేవారు. ఎవరి చోటు వాళ్ళదే. తుడిచి తుడిచి గోడ నిండా ఎర్రటి చేతులే.

అక్కడ ఊడ్చే మనిషి నూకాలు. "ఏంటీ గోడ, అసహ్యంగా!" అని మేనేజరు రోజూ ఆవిణ్ణే తిట్టేవాడు. ఆ సిగ్గు పాపం నూకాలు మనసులో ఉండిపోయింది.

కొన్నాళ్ళకి ఫ్యాక్టరీ మూతపడింది. పనివాళ్ళలో కొందరు వలసపోయారు, కొందరు చచ్చిపోయారు. అక్కడే పనిచేసిన నూకాలు మొగుడు పైడయ్య కూడా చచ్చిపోయాడు. నూకాలు మాత్రం రోజూ వచ్చి ఊడ్చేది. ఎవరు ఊడ్చమన్నారు? ఎవరూ అనలేదు.

ఒకనాడు హైమవతి అనే అమ్మాయి వచ్చింది. డాక్యుమెంటరీలు తీస్తుందట. గోడ ముందు చాలాసేపు నిలబడింది.

"పెద్దమ్మా, ఇదంతా కూల్చేస్తారట. ఈలోగా సినిమా తీస్తాను. మూడురోజుల్లో కెమెరాతో వస్తాను" అని చెప్పి వెళ్ళింది.

సినిమా అంటే లోకమంతా చూస్తుంది కదా! మనవాళ్ళ మట్టి చేతులు చూసి నవ్వరూ? నూకాలు సున్నం నానబెట్టింది. మొదటిరోజు ఒక పూత వేసింది, చేతులు కనబడ్డాయి. రెండోరోజు రెండో పూత వేసింది, లీలగా కనబడ్డాయి. మూడోరోజు మూడో పూత వేసింది. పైడయ్య చెయ్యి దగ్గర కుంచె కాస్త ఆగింది. ఆయనొక్కడే మాసిపోయి ఉంటే బాగుంటుందా అనుకుని, అదీ పూసేసింది.

హైమవతి వచ్చి చూసింది. భుజం మీది సంచి జారిపోయింది.

"ఏం చేశారు పెద్దమ్మా?"

"సుట్టాలొస్తే సున్నం ఎయ్యరేటమ్మా?"

"నేను ఆ చేతుల కోసమే వచ్చాను."

నూకాలు ఉన్నచోటే కూలబడింది. "మా ఆయన్ని నానే సెరిపేసినాను!" అని ఏడ్చింది. హైమవతీ పక్కన కూర్చుని ఏడ్చింది.

కాసేపటికి నూకాలు లేచింది.

"మిషను ఎట్టమ్మా" అంది కెమెరా సంచి చూపించి. తెల్లటి గోడ మీద అరచెయ్యి ఆనించింది.

"ఇక్కడ అప్పన్న. పొట్టోడు, అందుకే కిందకుండీది."

"ఇక్కడ గౌరీసు. ఎడంసేతి వాటం."

"ఇక్కడ బంగారమ్మ. ఏలొకటి అచ్చులో పడి పోయింది. ఆ సేతికి నాలుగేళ్ళే."

గోడ పొడుగునా అలా నడిచింది. ఒక్కరినీ మరిచిపోలేదు. చివర మునివేళ్ళ మీద లేచి, "ఇక్కడ మా పైడయ్య" అంది. ఇంక చెయ్యి తియ్యలేదు. హైమవతి కెమెరా ఆపలేదు.

ఆ సినిమా ఊళ్ళో ఆడేనాటికి గోడా లేదు, నూకాలూ లేదు. తెర మీద ఆవిడ ఒక్కో పేరూ చెబుతుంటే జనంలోంచి "మా తాత!" అని ఒకడు, "మా అమ్మ!" అని ఒకతె, "మా నాన్న!" అని ఇంకొకడు లేచారు. మా అమ్మమ్మ ఇక్కడికొచ్చేసరికి ఎప్పుడూ ఏడ్చేది.

ఇప్పటికీ ఆ ఊళ్ళో ఎవరింటికి సున్నం వెయ్యాలన్నా, ముందు ఇంటిల్లిపాదీ వచ్చి గోడకి అరచెయ్యి ఆనిస్తారు. ఇక్కడ ఎవరు ఆనుకుని కూర్చునేవారో, ఎవరు పట్టుకుని నడక నేర్చారో పేరుపేరునా చెప్పుకుంటారు.

సున్నం వేసేవాడు బయట నిలబడి అడుగుతాడు: "నూకాలు సెయ్యి ఎట్టీసినారా?"

ఎట్టీసినాం అంటేనే కుంచె తడుపుతాడు.