నలభై నాలుగో రోజు

"నలభై మూడు రోజులూ మట్టిలో కలిసినట్టేగా! ఇంక మానితే ఏంది, తాగితే ఏంది?" అని నా కొడుకు సోమేశు సంచీలో చొక్కాలు కుక్కుతా అరిచాడు.

"అరవమాక. మట్టిలో కలిపింది నేనా, నువ్వా?" అన్నాను.

రెండేళ్ళుగా మాకిదే గొడవ. గంజాయి మానతానంటాడు. మానతాడు కూడా. ఒకరోజు తప్పుతాడు. ఆ తప్పిన సిగ్గుకి నెలంతా తాగుతాడు. వాళ్ళ నాన్న పోయింది సారాతోనే, ఏడవటం నాకు అప్పుడే అయిపోయింది. ఈసారి మా వీధి చివర కోటిలింగయ్యగారి దగ్గర శిష్యుడిగా పెట్టా. ఆయన పగలు మగ్గం నేస్తాడు, సాయంత్రం పదిమందికి తత్వాలు చెబుతాడు. వీడు ఆయనింట్లోనే ఉండి, నేత నేర్చుకుంటా, నలభై మూడు రోజులు గంజాయి ముట్టలా. నిన్న పాత స్నేహితుడొకడు బైకు మీదొచ్చాడు. అంతే.

తాగి మా ఇంటికొచ్చి, ఇప్పుడు ఆ స్నేహితుడి గదికే పోయి ఉంటానంటాడు. పోతే తిరిగి రాడు. నాకు తెలుసు.

"పోతే పో. గురువుగారికి మొహం చూపించి పో," అని చెయ్యి పట్టుకుని లాక్కెళ్ళా.

ఆయన మగ్గం పక్కన కూర్చుని కండెలకి నూలు చుడుతున్నాడు. మగ్గం మీద సోమేశు నేస్తున్న చీర ఎనిమిది మూరలయింది.

"మళ్ళీ తాగాను గురువుగారూ. మొదటికొచ్చా. ఇంక నన్నొదిలేయండి," అన్నాడు వీడు.

"మగ్గంలో కూర్చో."

"చేతులు వణుకుతున్నాయి."

"వణికే చేతుల్తోనే కూర్చో."

కూర్చుని, నూలు కండె పెట్టిన నాడె అటూ ఇటూ విసిరాడు. నాలుగుసార్లు ఆడిందో లేదో, పడుగులో నిలువు పోగొకటి పుటుక్కున తెగింది.

గురువుగారు లేచి పెద్ద కత్తెర తెచ్చాడు. నేసిన బట్ట అంచుకి ఆనించాడు.

"పోగు తెగిందిగా. నేసిందంతా పోయినట్టే. కోసి పారేద్దాం. మళ్ళీ మొదటికి."

సోమేశు ఆయన మణికట్టు పట్టుకున్నాడు. గురువు చేతిని అట్టా పట్టుకున్నవాణ్ణి నేనెప్పుడూ చూళ్ళా.

"ఏం చేస్తున్నారు మీరు! ఎనిమిది మూరలు! నా చేతుల్తో నేశా! ఒక్క పోగుకి బట్టంతా కోస్తారా ఎవరైనా?"

"కోయరా?"

 వీడు పట్టు వదల్లా.

గురువుగారు కత్తెర కింద పెట్టి కండెల దగ్గరికి పోయాడు.

ఆ పోగు అతకటానికి వాడికి గంట పట్టింది. నాలుగుసార్లు జారింది. గంటసేపూ నేను నిలబడే ఉన్నా, మంచినీళ్ళు కావాలా అని ఒక్కరూ అడగలా.

చీర పూర్తయ్యాక, నూలిచ్చి నేయించుకునే సావుకారు పుల్లయ్య వచ్చాడు. చీరకి కూలి పద్దెనిమిదొందల యాభై. ముడి దగ్గర గోరుతో గీకి, "ఏరా, మత్తులో నేశావా? సగం కూలే ఇస్తా," అని నవ్వాడు.

గురువుగారు కండె చుడతానే ఉన్నాడు. సోమేశు చీర వెనక్కి లాక్కున్నాడు.

"తాగొచ్చి తెంపింది ఆ ఒక్క పోగే సావుకారూ. దానికెంతో పట్టుకో. మిగతా పన్నెండు మూరలకీ పైసా తగ్గినా చీర ఇచ్చేది లేదు."

సావుకారు గురువుగారి వైపు చూశాడు. ఆయన తల తిప్పలా. సావుకారు వాకిలి దాకా పోయి, తిరిగొచ్చి, గొణుక్కుంటా డబ్బు లెక్కపెట్టి సోమేశు చేతిలో పెట్టాడు.

పదిహేడొందల తొంభై.