వెనక్కి వెళ్ళే గొట్టం

పైడిరాజు మందు మానేసి ఎనిమిదేళ్ళయింది. అంతకుముందు విశాఖలో ఆటో నడిపేవాడు. ఒకరోజు తాగి నడుపుతూ బోల్తా కొట్టించాడు. వెనక సీట్లో అతని అక్క ఉంది. ఆమె ఎడమకాలు మోకాలి కింద తీసేశారు. ఆ సంగతి అతను తన గురువు మొహిద్దీన్ తాతగారికి ఒక్కరికే చెప్పుకున్నాడు. మరెవరి దగ్గరా నోరు విప్పలేదు.

తాతగారు బట్టలు కుట్టుకుని బతికే సూఫీ. ఆయన ఉండేది నగరం చివర, మురుగునీటి శుద్ధి కేంద్రం పక్కన. గాలి ఇటు తిరిగితే వాసనొస్తుందని ఆ స్థలం ఎవరూ అడగలేదు. ఆయన అడిగాడు. కష్టంలో ఉన్నవాళ్ళు ఏ మతం వాళ్ళైనా అక్కడికి వచ్చేవాళ్ళు. పైడిరాజు ఆయన దగ్గరే ఉంటున్నాడు.

ఒక సాయంత్రం నూకరత్నం అనే ఆవిడ భర్తను వెంటబెట్టుకొచ్చింది. అతని పేరు సింహాద్రి. మురుగు కాలవలు బాగుచేసే పని. ఆ కంపులో దిగడానికని మందు మొదలుపెట్టాడు. ఇప్పుడు పని లేని రోజూ తాగుతున్నాడు. కిందటి వారం కూతుర్ని బండి మీద బడికి తీసుకెళుతూ పడేశాడు. పిల్ల గెడ్డానికి మూడు కుట్లు పడ్డాయి.

"ఈసారికి కుట్లతో పోయింది తాతగారూ..." అని ఆమె ఆగిపోయింది.

సింహాద్రి తలెత్తలేదు.

తాతగారు పైడిరాజు వైపు చూశాడు. "నువ్వు మాట్లాడు నాయనా."

పైడిరాజు లేచి పెరట్లోకి వెళ్ళిపోయాడు. తాతగారు మెల్లిగా వెనకే వచ్చాడు.

"నా వల్ల కాదు తాతగారూ. ఏం మొహం పెట్టుకుని చెప్పను? ఎనిమిదేళ్ళుగా ఆ పాపం కడుక్కుంటున్నా. ఇప్పుడిప్పుడే అడుక్కి దిగిందనుకుంటున్నా. దాన్ని మళ్ళీ కెలకమనకండి."

తాతగారు బలవంతపెట్టలేదు. వచ్చినవాళ్ళిద్దరినీ నాలుగు రోజులు ఉండమని చెప్పి, చాపలు వేయించాడు.

మర్నాడు పొద్దున్నే కుట్టిన జాకెట్లు సంచిలో పెట్టుకుని, "ఎర్నమ్మకి ఇచ్చొద్దాం, తోడు రా" అన్నాడు పైడిరాజుతో.

ఎర్నమ్మ శుద్ధి కేంద్రంలో పంతొమ్మిదేళ్ళుగా యంత్రాలు చూసుకుంటోంది. జాకెట్లు తీసుకుని టీ ఇచ్చింది.

"తల్లీ, మావాడికి ఇదంతా ఓసారి చూపించు" అన్నాడు తాతగారు.

ఆమె మొహం విప్పారింది. అక్కడికొచ్చి అలా అడిగేవాళ్ళు తక్కువ. గుడ్డపేలికలూ ప్లాస్టిక్కూ ఆపే ఇనప జల్లెళ్ళు చూపించింది. గాలి ఊదుతుంటే గోధుమరంగు నీళ్ళు నురగలు కక్కుతున్న పెద్ద తొట్టి చూపించింది. ఆ పక్క తొట్లో నీళ్ళు కదలకుండా నిలబడ్డాయి. బురద అడుక్కి దిగి, పైనుంచి తేటనీళ్ళు పొర్లిపోతున్నాయి.

"ఆ బురదంతా లారీలకెక్కించి పంపేస్తారా?" అనడిగాడు పైడిరాజు.

"కొంచెమే పంపుతాం బాబూ. మిగతాది ఇదిగో, ఈ గొట్టంలోంచి ఎనక్కెళ్ళి మళ్ళీ ఆ పెద్దతొట్లో పడతాది. కొత్తగా వొచ్చిన మురుగులో."

"ఇంత కష్టపడి విడదీసింది మళ్ళీ కలుపుతారా?"

"కలపకపోతే ఏటవుద్దో తెలుసా? నాలుగేళ్ళ కిందట ఒకాయన కొత్తగా డ్యూటీకొచ్చాడు. శుభ్రంగా ఉండాలని బురదంతా తోడించేశాడు. తొట్టి మెరిసిపోయింది. మర్నాడు ఊరి మురుగు ఎలా వొచ్చిందో అలాగే అవతలికి పోయింది. గాలి ఊదినా లాభం లేదు. ఎంత కంపో! ఆఖరికి వేరే ఊరి కేంద్రం నుంచి టాంకర్లలో బురద తెప్పించాం."

పైడిరాజుకు నవ్వొచ్చింది. "బురద అరువు తెచ్చుకున్నారా?"

"మరేటనుకున్నావు? దాన్లో కంటికి కనపడని పురుగులుంటాయి. మురికి తిని బతికినవి. కొత్తగా వొచ్చే మురికిని తినేదీ అవే. తేటనీళ్ళ వల్ల ఏటవుద్ది బాబూ?"

పైడిరాజు నవ్వు ఆగిపోయింది. గొట్టం మీద చెయ్యి వేశాడు. లోపల బురద నడుస్తుంటే సన్నగా అదురుతోంది. చాలాసేపు చెయ్యి తియ్యలేదు.

తాతగారు టీ గ్లాసు కడిగి ఎర్నమ్మకిచ్చాడు. ఇద్దరూ తిరిగొచ్చారు.

సింహాద్రి అరుగు మీద కూర్చుని ఉన్నాడు. చేతులు వణుకుతుంటే చంకల్లో దాచుకున్నాడు. పైడిరాజు వెళ్ళి పక్కన కూర్చున్నాడు.

"మా అక్కకి ఒక కాలు లేదు" అన్నాడు. "ఎలా పోయిందో చెప్తాను, వింటావా?"

సింహాద్రి మొదటిసారి తలెత్తి చూశాడు.

తాతగారు లోపలికి వెళ్ళి కుట్టుమిషను ముందు కూర్చున్నాడు. కాసేపటికి రోజూ వచ్చే నలుగురైదుగురు పెరటి దారిన వచ్చి చుట్టూ చేరారు. "ఏదైనా మంచిమాట చెప్పండి తాతగారూ" అన్నారు.

ఆయన మిషను చక్రం మీద నుంచి చెయ్యి తీసేశాడు.

"ఇవాళ బయట చెప్తున్నారు" అన్నాడు. "మనం చప్పుడు చెయ్యొద్దు."