మూడు పచ్చ చుక్కలు

చీకట్లో తన పిస్టల్ గురి తనకే కనబడడం లేదన్నది భూమేశ్వర్ బాధ.

నెల కిందట ఎవరో వాళ్ళింటి గోడ దూకారు. పెరట్లో పూలకుండీ పగిలిన చప్పుడుకు భూమేశ్వర్ లేచాడు. దిండు కింది పిస్టల్ తీసుకుని వసారాలోకి వచ్చాడు. చెయ్యి చాపి చూస్తే చేతి చివర నల్లటి ముద్ద తప్ప ఏమీ కనబడలేదు. గోడ దూకినవాడు కుండీ చప్పుడుకే భయపడి వచ్చిన దారినే పోయాడు. భూమేశ్వర్ మాత్రం తెల్లారేదాకా మంచం మీద కూర్చునే ఉన్నాడు.

అంతకు రెండేళ్ళ ముందు, హైవే మీది అతని పెట్రోల్ బంకులోకి ముగ్గురు చొరబడి ఇనుప రాడ్‌తో భుజం విరగ్గొట్టారు. ఆ తర్వాతే పిస్టల్‌కు లైసెన్సు తీసుకున్నాడు. భుజం అతుక్కుంది. నిద్ర అతుక్కోలేదు.

హైదరాబాద్‌లో తుపాకుల దుకాణం వాళ్ళను అడిగితే, చీకట్లో వాటంతటవే వెలిగే సైట్లు, అంటే గురి చూసే ముక్కలు, వస్తున్నాయని చెప్పారు. పాత సైట్లు తీసేసి వాటిని బిగించుకోవాలి. ముందు ముక్క మీద ఒక పచ్చ చుక్క, వెనక ముక్క మీద రెండు. మూడూ ఒక వరసలోకి వస్తే గురి కుదిరినట్టే. భూమేశ్వర్ కాగితాలన్నీ చూపించి వాటిని తెప్పించుకున్నాడు.

"పిస్టల్ ఇక్కడే వదిలి వెళ్ళండి సార్, మా మిస్త్రీ బిగిస్తాడు" అన్నాడు దుకాణంలో కుర్రాడు.

"అక్కర్లేదు. నేను నిర్మల్ దస్తగిరి ఉస్తాద్ దగ్గర ఆరేండ్లు పనిచేసిన."

కుర్రాడు మర్యాదగా నవ్వాడు. ఆ పేరు వాడెప్పుడూ విననట్టుంది. బస్సులో నిర్మల్ వచ్చేదాకా ఆ నవ్వు భూమేశ్వర్‌ను గుచ్చుతూనే ఉంది.

ఆదివారం పొద్దున అన్నం బల్ల మీద పాత దుప్పటి పరిచాడు. తూటాలు తీసి ఇనుప బీరువాలో పెట్టి తాళం వేశాడు. అటక మీది నుంచి తన పనిముట్ల పెట్టె దించాడు. మూత తియ్యగానే కిరసనాయిలు, తుప్పు, ఎండిన నూనె కలిసిన వాసన ఒక్కసారిగా పైకి లేచింది. భూమేశ్వర్‌కు యాభై ఒకటో ఏడు. ఆ వాసనకు పదిహేడేళ్ళవాడైపోయాడు.

అప్పట్లో ఉస్తాద్ గులాం దస్తగిరి తుపాకుల కొట్టు పాత కోట గోడ పక్క సందులో ఉండేది. తొలకరికి ముందు ఆ సందు నిండా ఎడ్లబండ్లే. మొక్కజొన్న చేలల్లో పడే అడవిపందులను బెదిరించడానికి రైతులకు పంట కాపలా తుపాకులుండేవి. ఏడాదంతా చూరులో చెక్కి, వానలు రాబోతున్నాయనగా మోసుకొచ్చేవాళ్ళు. ఒకదాని గొట్టంలో కందిరీగలు గూడు పెట్టుంటే, ఇంకొకదానికి కర్ర చీలి గోనెతాడుతో కట్టుండేది. ఉస్తాద్ ఒక్కొక్కటీ ఒళ్ళో పెట్టుకుని, పసిపిల్ల జ్వరం చూసినట్టు అరచేత్తో తడిమేవాడు.

మొదటి ఎనిమిది నెలలు భూమేశ్వర్‌కు ఆకురాయి తప్ప ఇంకేమీ ఇవ్వలేదు. ఒక ఇనుప దిమ్మె ఇచ్చి, దాన్ని నున్నగా రాకమన్నాడు. రాకి చూపిస్తే బొటనవేలి గోరు దాని మీద ఒకసారి గీసి "ఊఁ" అనేవాడు. మళ్ళీ రాకాలన్నమాట. ఆ తర్వాత ఐదేళ్ళలో భూమేశ్వర్ స్ప్రింగులు చేశాడు, గొట్టాలు సరిచేశాడు, చీలిన కర్రలు అతికాడు. ఏది చూపించినా గోరు, ఆ తర్వాత "ఊఁ". మంచిగుందని ఒక్కనాడన్నా అనలేదు. సాయంత్రం నాలుగింటికి మాత్రం తన చాయ్‌లో సగం సాసర్లో పోసి, శిష్యుడి వైపు జరిపేవాడు. రేడియోలో పాత పాటలు వస్తుంటే ఇద్దరూ మాట్లాడకుండా తాగేవాళ్ళు.

తండ్రి పోవడంతో భూమేశ్వర్ పని మానుకుని బంకు చూసుకోవాల్సి వచ్చింది. కొట్టు విడిచిన రోజు ఉస్తాద్ ఏమీ అనలేదు. గోడకు వేలాడే ఇత్తడి సుత్తి తీసి చేతిలో పెట్టాడు. అంతే.

ఇప్పుడు అన్నం బల్ల దగ్గర ఆ ఇత్తడి సుత్తితోనే పని మొదలుపెట్టాడు. పాత ముక్కలు బిగుసుకుపోయి ఒక పట్టాన కదల్లేదు. తొందరపడలేదు. టేకు చెక్క ఆనించి, చిన్నగా తడుతూ, ఆగుతూ, చూస్తూ మధ్యాహ్నం దాకా కూర్చున్నాడు. భార్య సుగుణ, మంచాన పడ్డ అత్తగారికి తినిపించి వచ్చి, అతన్ని రెండుసార్లు అన్నానికి పిలిచి, మూడోసారి పిలవడం మానేసింది. కొత్త ముక్క వెంట్రుకవాసి లావుండటంతో ఆ రోజు పని సగంలో ఆగింది. పై ఆదివారం మళ్ళీ కూర్చుని, ఆకురాయితో నాలుగు గీతలు గీసి చూడడం, మళ్ళీ రెండు గీతలు గీసి చూడడం. సాయంత్రానికి సైట్లు వాటి గాడిలో వచ్చి కూర్చున్నాయి. ఎక్కడా చిన్న గీత పడలేదు.

బీరువా తలుపు చాటున చీకట్లో పెట్టి చూసుకున్నాడు. మూడు పచ్చ చుక్కలు, వరిచేను మీద మిణుగురుల్లా వెలిగాయి.

దీన్ని ఉస్తాద్‌కు చూపించాలనిపించింది. ఒక్కసారి మంచిగుందన్న మాట ఆయన నోట వినాలనిపించింది.

మర్నాడు పొద్దున్నే సుగుణను స్కూటర్ ఎక్కించుకుని బయల్దేరాడు. సుగుణకు ఉస్తాద్ భార్య ఖైరున్ బీ అంటే కన్నతల్లితో సమానం. వీలైనప్పుడల్లా వెళ్ళి కూర్చుని, మనసులోవన్నీ చెప్పుకుని వస్తుంటుంది.

సందు గుర్తుపట్టలేనట్టుంది. కొట్టు ముందు గదిలో ఇప్పుడు సెల్‌ఫోన్లు బాగుచేస్తున్నారు. పక్కనున్న సన్నటి దారిలోంచి వెళ్తే వెనక ఇల్లు, దాన్ని ఆనుకుని పాత పనిగది. ఉస్తాద్ కొట్టు మూసేసి పదకొండేళ్ళయింది. రెండు కళ్ళలోనూ పొర కమ్మింది.

"ఉస్తాద్, నేను భూమేశ్వర్‌ను."

"నడక విన్న బేటా. కూసో. భుజం ఎట్లున్నది?"

"మంచిగైంది."

సుగుణ లోపలికి ఖైరున్ బీ దగ్గరికి వెళ్ళింది. గురుశిష్యులిద్దరూ పనిగదిలో కూర్చున్నారు. బల్ల అదే, ఇనుము బిగించే పట్టుడు మర అదే. గోడకు పనిముట్లు వేలాడిన చోట్ల సున్నం మీద వాటి ఆకారాలు మాత్రం మిగిలాయి. కత్తెరది, రంపానిది, ఒక సుత్తిది. భూమేశ్వర్ ఆ సుత్తి ఆకారం మీద ఒకసారి వేలు పెట్టి చూశాడు.

పిస్టల్ తీసి, ఖాళీగా ఉందని రెండుసార్లు చూసుకుని ఉస్తాద్ చేతికిచ్చాడు. ఉస్తాద్ తన వేలు లోపల పెట్టి మూడోసారి చూసుకున్నాడు. తర్వాత పైభాగాన్ని తడిమాడు. బొటనవేలి గోరు వెనక ముక్క అంచు మీద నిలిచింది. మెల్లగా ఇటునుంచి అటు పోయింది. ముందు ముక్క దగ్గర ఇంకా మెల్లగా పోయింది. దాన్ని ఆయన మక్కీ అంటాడు, అంటే ఈగ.

"మక్కీ ఎవరు కూసోబెట్టిన్రు?"

"నేనే ఉస్తాద్. ఇంట్లనే. రెండు ఆదివారాలు పట్టింది."

ఉస్తాద్ ఇంకోసారి గోరు గీశాడు.

"పని మంచిగున్నది" అన్నాడు.

భూమేశ్వర్ తల వంచుకున్నాడు. ఈ మాట కోసం ముప్పై నాలుగేళ్ళు ఎదురుచూశాడు. వింటే ఏం చెయ్యాలో మాత్రం ఎప్పుడూ అనుకోలేదు. కళ్ళు తుడుచుకున్నాడు, ఉస్తాద్‌కు కనబడదు కదా అని.

"ఎందుకు పెట్టినవ్?"

భూమేశ్వర్ గోడ దూకినవాడి సంగతి చెప్పాడు. చీకట్లో ఏమీ కనబడకపోవడం చెప్పాడు. "ఇప్పుడు భయం లేదు ఉస్తాద్. దిండు కిందికెంచి తీసుడే ఆలస్యం. ఎంత చీకట్లైనా గురి తప్పది."

ఉస్తాద్ పిస్టల్ బల్ల మీద పెట్టాడు. తర్వాత "జర కూసో, ఇప్పుడే వస్త" అని గోడ పట్టుకుని లోపలికి వెళ్ళి, ఖైరున్ బీతో ఏదో చెప్పి వచ్చాడు. పిస్టల్ మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు. కళ్ళతో పనిలేకుండానే రెండు క్షణాల్లో పైభాగం ఊడదీశాడు. పిడి ఉన్న భాగాన్ని బల్ల సొరుగులో పెట్టి మూసి, పైభాగం మాత్రం శిష్యుడి చేతికిచ్చాడు.

"గిది ఇప్పుడు ఉత్త ఇనుము. ఎవలనీ ఏం చెయ్యది. కిటికీ తలుపులు వెయ్యి."

భూమేశ్వర్ చెక్క తలుపులు వేశాడు. పట్టపగలు గది చీకటైపోయింది.

"కనబడుతున్నయా?"

"మస్తుగా కనబడుతున్నయ్ ఉస్తాద్. మూడూ."

"కండ్ల ముందర పట్టుకో."

పట్టుకున్నాడు. పచ్చ చుక్కలు మూడూ ఒక వరసలోకి వచ్చాయి. ఉస్తాద్ వాటిని చూడలేడే అన్న బాధ తప్ప, అతనికా క్షణంలో మరే లోటూ లేదు.

అప్పుడు గది అవతలి చివర, ఇంట్లోకి పోయే తలుపు చప్పుడు లేకుండా తెరుచుకుంది. ఒక ఆకారం లోపలికి వచ్చింది. దాని వెనక తలుపు మూసుకుంది. ఆకారం గోడ వెంబడి మెల్లమెల్లగా కదిలింది. చేతిలో ఏదో ఉంది.

"గోడ దూకినోడు వచ్చిండనుకో" అన్నాడు ఉస్తాద్ చెవి దగ్గర, గొంతు తగ్గించి.

భూమేశ్వర్ ఒళ్ళు దానంతటదే బిగుసుకుంది. చుక్కలు మూడూ ఆకారం గుండెల మీదికి పోయి నిలిచాయి.

"కుదిరింది" అన్నాడు గుసగుసగా.

"ఎంత సేపైంది?"

"రెప్పపాటు."

"ఎవలు అది?"

భూమేశ్వర్ చుక్కల మీది నుంచి చూపు తీసి చూశాడు. వెలుగు చూసిన కంటికి అవతల చీకటి ఇంకా చిక్కగా ఉంది.

"తెలుస్తలేదు ఉస్తాద్."

ఉస్తాద్ తడుముకుంటూ వెళ్ళి కిటికీ తలుపు తోశాడు.

సుగుణ. ఒక చేత్తో నీళ్ళ చెంబు పట్టుకుని, రెండో చెయ్యి గోడకానించి నిలబడి ఉంది. ఎండకు కళ్ళు చికిలించింది.

"అమ్మ నీళ్ళిచ్చి రమ్మన్నది. ఇంత చీకట్ల కూసున్నరేంది?"

భూమేశ్వర్ చెయ్యి ఇంకా చాచే ఉంది. ఆమె ఆ చేతిని చూసింది. చేతి చివర ఉన్నది చూసింది. చెంబులో నీళ్ళు తొణికి ఆమె పాదాల మీద పడ్డాయి.

ఉస్తాద్ ఆమె చేతిలోంచి చెంబు అందుకున్నాడు. "ఇయ్యాల దగ్గలేదేం బిడ్డా?" అన్నాడు మెత్తగా.

సుగుణ తల పక్కకు తిప్పుకుంది. "ఇక్కడ భయమేమున్నదని" అంది. మొగుడి వైపు చూడకుండానే చెప్పింది. "రాత్రిపూట అత్తమ్మకు రెండుసార్లు మందు గోలీ ఇయ్యాలె. లైటేస్తే మీ నిద్ర చెడుతది. అందుకని దగ్గుకుంట నడుస్త. నేనే అని మీకు తెల్వాలె కదా."

భూమేశ్వర్ చెయ్యి కిందికి దిగింది.

నెల రోజులుగా వింటున్నాడు ఆ దగ్గు. మంచం మీద పడుకుని, చెయ్యి దిండు కింద పెట్టుకుని వింటున్నాడు. చలిగాలి పడలేదేమో అనుకుని, రెండు సీసాల దగ్గు మందు కూడా తెచ్చిపెట్టాడు. ఆమె వద్దనకుండా తాగింది.

ఉస్తాద్ సొరుగు తెరిచి, రెండు భాగాలూ కలిపి బిగించాడు. గుడ్డతో ఒకసారి తుడిచి శిష్యుడి ముందు పెట్టాడు.

"పని మంచిగున్నది" అన్నాడు మళ్ళీ. అదే మాట, అదే గొంతు. "తీసుకపో."

ఆయన ఇంకేమైనా అంటాడని భూమేశ్వర్ కాసేపు చూశాడు. ఉస్తాద్ చెంబెత్తి నీళ్ళు తాగుతున్నాడు.

ఇద్దరూ స్కూటర్ మీద తిరుగు దారి పట్టారు. బస్టాండు దాటాక సుగుణ చెయ్యి అతని అతికిన భుజం మీదికి వచ్చి ఆగింది. భూమేశ్వర్ స్కూటర్ పక్కకు తీసి కరెంటు సామాన్ల దుకాణం ముందు ఆపాడు.

"ఇంట్లకు బల్బు కావాలె. రాత్రంతా వెలగాలె" అన్నాడు.

దుకాణదారు నిచ్చెన జరుపుకుంటూ అడిగాడు. "ఎన్ని వాట్లది ఇయ్యాలె సార్?"

భూమేశ్వర్ వెనక్కి తిరిగి, ఎండలో స్కూటర్ పక్కన నిలబడ్డ సుగుణను చూశాడు.

"మనిషి మొఖం ఆనవాలు పట్టాలె" అన్నాడు. "గంత వెలుగుంటే చాలు."